సూర్యకాంతం

సూర్యకాంతం అనేది ఒక మణి పేరు. తాకితే చల్లగా ఉండే ఆ రాయి, సూర్యకిరణాలు సోకగానే నిప్పులు కక్కుతుందని మన ప్రాచీన కవులు వర్ణించారు. తెలుగు చలనచిత్ర రంగంలో దాదాపు అర్ధశతాబ్దం పాటు వెలుగొందిన ఒక నటీమణి జీవితానికి ఈ వర్ణన చక్కగా అన్వయిస్తుంది. నిజజీవితంలో చల్లని మనసు గల ఆమె, కెమెరా ఎదుట నిలిచినంతనే నిప్పులు కురిపించేవారు. ఆమె పేరు కూడా సూర్యకాంతమే.

చలనచిత్రం అనగానే సాధారణంగా మనకు స్ఫురించేది నాయికానాయకులు. గోడల మీది ప్రకటనలలో కనిపించేది వారి బొమ్మలే. కాని కథ అనే ఇంటికి నాయికానాయకులు సింహద్వారం వంటివారైతే, సహాయ పాత్రధారులు దూలాలు, స్తంభాల వంటివారు. బరువు మోసేది వారే అయినా, చూపరుల దృష్టి మొదట వారి మీద నిలువదు. అటువంటి సహాయ పాత్రలతోనే జీవితాన్ని గడిపి, అగ్రశ్రేణి తారలతో సమానంగా ప్రజల మనసులలో స్థానం సంపాదించడం సామాన్యమైన విషయం కాదు. ఆ స్థానం కోసం సూర్యకాంతం వదులుకొన్నది ఏమిటి, సాధించినది ఏమిటి అన్నదే ఆమె జీవితకథ.

సూర్యకాంతం 1924 అక్టోబరు 28న కాకినాడ సమీపంలోని వెంకటకృష్ణరాయపురంలో జన్మించారు. తండ్రి పొన్నాడ అనంతరామయ్య, తల్లి వెంకటరత్నమ్మ. ఆ దంపతులకు ఆమె పద్నాలుగవ సంతానం. ఆరేళ్ళ ప్రాయంలోనే పాడటం, ఆడటం నేర్చుకొన్నారు. ఊరిలోని గోడల మీద అంటించే హిందీ చలనచిత్రాల ప్రకటనలు ఆ బాలికను ఎంతగానో ఆకర్షించేవి. ఆ బొమ్మలలోని నాయికల వలె తానూ ఒకనాడు తెర మీద కనిపించాలన్న కోరిక ఆమెలో అప్పుడే మొలకెత్తింది. ఆడపిల్ల నాటకాలలోనో, సినిమాలలోనో నటించడమంటే కుటుంబాలు సందేహించే కాలమది. అటువంటి రోజులలో గోదావరి తీరపు సంప్రదాయ కుటుంబంలో పుట్టిన యువతి, నటనను వృత్తిగా ఎంచుకొని మదరాసు నగరానికి చేరడానికి ఎంత ధైర్యం కావాలో ఊహించవచ్చు.

1940ల నాటికి తెలుగు చలనచిత్రాల నిర్మాణానికి మదరాసే కేంద్రం. దక్షిణ భారతదేశపు భాషలన్నిటికీ చెందిన నటీనటులు అవకాశాల కోసం ఆ నగరానికే తరలివచ్చేవారు. సూర్యకాంతం అక్కడ జెమినీ స్టూడియోలో నర్తకిగా చేరారు. ఎస్.ఎస్. వాసన్ భారీ వ్యయంతో, కొన్ని సంవత్సరాల పాటు నిర్మించి 1948లో విడుదల చేసిన చంద్రలేఖ చిత్రంలో ఆమె నర్తకీమణులలో ఒకరు. నెలకు అరవై అయిదు రూపాయల జీతం. వందల మంది నడుమ ఒకరిగా ఆడి, వెళ్ళిపోవడం ఆమె ఆశించిన జీవితం కాదు. మాటలున్న పాత్ర కావాలి, ముఖం గుర్తుండే పాత్ర కావాలి అన్నది ఆమె తపన.

1946లో వచ్చిన నారద నారది చిత్రంలో చిన్న పాత్ర, అదే సంవత్సరం ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వంలో వచ్చిన గృహప్రవేశం చిత్రంలో కొంత పేరు తెచ్చిన సహాయ పాత్ర లభించాయి. 1949లో వచ్చిన ధర్మాంగద చిత్రంలో ఆమె ధరించినది మూగపాత్ర. తరువాతి కాలంలో తన వాగ్ధాటితో ప్రేక్షకులను హడలగొట్టిన నటి, తొలిదశలో ఒక్క మాటైనా లేని పాత్రలో కనిపించడం చిత్రమైన విషయమే. చేతికి వచ్చిన ఏ పాత్రనూ ఆమె చిన్నచూపు చూడలేదు. అయినా నాయిక కావాలన్న కోరిక మాత్రం మనసులో అలాగే ఉండేది. బొంబాయి వెళ్ళి హిందీ చిత్రాలలో నటించాలని కూడా ఆశపడ్డారు కాని, అందుకు తగిన ఆర్థిక స్తోమత లేక ఆ ప్రయత్నం మానుకొన్నారు.

కొంతకాలానికి ఆమె కోరిక తీరే సూచన కనిపించింది. సౌదామిని అనే జానపద చిత్రంలో నాయిక పాత్ర ఆమెకు రాబోయింది. ఇంతలో జరిగిన కారు ప్రమాదంలో ఆమె ముఖానికి గాయమైంది. ఆ అవకాశం చేజారిపోయింది. నటికి ముఖమే పెట్టుబడి అనుకొనే రంగంలో, ఎన్నాళ్ళో ఎదురుచూసిన క్షణం అందినట్టే అంది జారిపోతే ఆ వేదన ఎటువంటిదో వేరుగా చెప్పనక్కరలేదు. మరొకరైతే నిరాశతో స్వగ్రామానికి తిరిగి వెళ్ళేవారేమో! సూర్యకాంతం మదరాసును విడువలేదు. గాయం మానిన తరువాత తనకు వచ్చిన పాత్రను స్వీకరించారు. అది నాయిక పాత్ర కాదు. గయ్యాళి అత్త పాత్ర.

1950లో ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వంలో విడుదలైన సంసారం ఆ చిత్రం. ఎన్.టి. రామారావు, అక్కినేని నాగేశ్వరరావు అందులో కలిసి నటించారు. అప్పటికి సూర్యకాంతం వయసు పాతికేళ్ళకు కాస్త అటూ ఇటూ. ఆ వయసులో ఉన్న నటి, కోడలిని రాచిరంపాన పెట్టే అత్తగా కనిపించడానికి సాధారణంగా ఇష్టపడదు. ఒకసారి అత్తగా ముద్ర పడితే నాయిక పాత్రలకు తలుపులు శాశ్వతంగా మూసుకుపోతాయని చిత్రసీమలో అందరికీ తెలుసు. సూర్యకాంతానికీ తెలుసు. అయినా ఆమె ఆ పాత్రను మనసు పెట్టి పోషించారు. చిత్రం ఘనవిజయం సాధించింది. ఆ అత్తను చూసి ప్రేక్షకులు పళ్ళు కొరికారు. ఒక నటికి దక్కవలసిన ప్రశంస ఆమెకు తిట్ల రూపంలో దక్కింది.

ఆ కాలంలోనే జరిగినట్లు ఆమె గురించి తరచుగా చెప్పుకొనే ఒక సంఘటన ఉంది. బొంబాయికి చెందిన ఒక నిర్మాత ఆమెకు హిందీ చిత్రంలో నాయిక పాత్ర ఇవ్వజూపాడు. చిన్ననాటి కల అది. కాని ఆ పాత్రకు అంతకుముందే నిర్ణయించిన మరొక నటిని తొలగించి తనకు ఇస్తున్నారని ఆమెకు తెలిసింది. ఇంకొకరి కన్నీటి మీద తన భాగ్యాన్ని నిర్మించుకోవడానికి మనసొప్పక, ఆమె ఆ అవకాశాన్ని నిరాకరించారట. చేతికందిన అవకాశాన్ని ప్రమాదం లాగివేయడం విధి. అటువంటి అవకాశాన్నే తనంతట తాను వదలుకోవడం వ్యక్తిత్వం. తెర మీద ఇతరుల సొమ్మును, సుఖాన్ని కాజేసే పాత్రలు ధరించిన స్త్రీ, జీవితంలో ఇలా ప్రవర్తించింది.

1950లోనే సూర్యకాంతానికి పెద్దిభొట్ల వెంకట చలపతిరావుతో వివాహమైంది. సంతానం లేకపోవడంతో వారు ఒక బాలుని దత్తత స్వీకరించి పెంచుకొన్నారు. వివాహానంతరం కూడా ఆమె నటనను విడువలేదు. వాస్తవానికి ఆమె వృత్తిజీవితం విస్తరించినది ఆ తరువాతనే.

సూర్యకాంతం ధరించిన పాత్రలకు అంతటి ఆదరణ లభించడానికి కారణం ఆనాటి సంఘంలోనే ఉంది. అది ఉమ్మడి కుటుంబాలు క్రమంగా విచ్ఛిన్నమవుతున్న కాలం. అత్తాకోడళ్ళ మధ్య, తోడికోడళ్ళ మధ్య, సవతితల్లికీ సవతిబిడ్డలకూ మధ్య జరిగే కలహాలు ప్రతి వీధిలోనూ వినిపించేవి. చదువూ, ఆస్తిహక్కూ, ఇల్లు దాటి పనిచేసే వీలూ లేని స్త్రీకి అధికారం చెలాయించడానికి మిగిలిన చోటు వంటిల్లొక్కటే. తాళాల గుత్తి ఎవరి నడుమున ఉంటే వారిదే రాజ్యం. కుటుంబ కథా చిత్రాలు ఆ రాజ్యంలో జరిగే పోరాటాలను చూపించాయి. ఆ చిత్రాలకు సూర్యకాంతం ఆయువుపట్టు అయ్యారు. తమ ఇంటిలో నోరు విప్పలేని కోడళ్ళు, చిత్రం చివర తెర మీది అత్తకు బుద్ధి వచ్చినప్పుడు తృప్తిగా నిట్టూర్చేవారు.

ఆమె నటనలో కనిపించే నైపుణ్యం గమనింపదగినది. కొంగు నడుముకు బిగించి, ఎడమచేతిని విసురుగా తిప్పుతూ మాట్లాడటం ఆమె ప్రత్యేకత. ఆ ఎడమచేతి వాటం మరెవరికీ అబ్బలేదు. మాటల వేగం, అవసరమైన చోట సాగదీత, మూతివిరుపు, ఓరచూపు అన్నీ కలిసి సంభాషణకు ప్రాణం పోసేవి. గోదావరి సీమలో పుట్టి పెరిగినందువల్ల పల్లె స్త్రీల పలుకుబడి, ఎత్తిపొడుపులు ఆమె నాలుక మీద సహజంగా పలికేవి. అన్నిటినీ మించి, తన పాత్ర కఠినమైనదే అయినా ప్రేక్షకులు దానిని చూసి నవ్వుకొనే వీలు కల్పించేవారు. ఆమె పోషించిన గయ్యాళి, ఎదుటివారిని క్షణంలో తిట్టగలదు. అంతే సులభంగా ఎవరి పొగడ్తకైనా మోసపోగలదు. ఆ అమాయకత్వమే ఆ పాత్రలను రాక్షసపాత్రలు కాకుండా కాపాడింది.

1957 సంవత్సరం ఆమె ప్రతిభకు రెండు భిన్నమైన నిదర్శనాలను అందించింది. ఆదుర్తి సుబ్బారావు దర్శకత్వంలో వచ్చిన తోడికోడళ్ళు చిత్రంలో ఆమె ఉమ్మడి కుటుంబంలోని కలతలకు కారణమయ్యే కోడలు. శరత్‌చంద్రుని బెంగాలీ నవల ఆధారంగా తీసిన ఆ చిత్రంలోని కుటుంబం తెలుగువారికి తమ సొంత కుటుంబమే అనిపించింది. కె.వి. రెడ్డి దర్శకత్వంలో వచ్చిన మాయాబజార్ చిత్రంలో ఆమె హిడింబ. ఘటోత్కచుడుగా నటించిన ఎస్.వి. రంగారావు వయసులో ఆమె కంటే ఆరేళ్ళు పెద్ద. అయినా తెర మీద ఆయనకు ఆమె తల్లి కాదని ఎవరికీ అనిపించదు. నాలుగేళ్ళ తరువాత, 1961లో వచ్చిన కలసివుంటే కలదు సుఖం చిత్రంలో అదే రంగారావుకు ఆమె భార్య. రెండు పాత్రలనూ ప్రేక్షకులు సమానంగా నమ్మారు. 1955లో వచ్చిన కన్యాశుల్కం చిత్రంలో లుబ్ధావధానులు కూతురైన మీనాక్షి పాత్రను కూడా ఆమే ధరించారు. అత్తల పరిధిని దాటి ఆమె ఏమి చేయగలరో ఇటువంటి పాత్రలు తెలుపుతాయి.

సూర్యకాంతం జీవితంలో మకుటాయమానమైన చిత్రం 1962లో విడుదలైన గుండమ్మ కథ. విజయా సంస్థ నిర్మించిన ఆ చిత్రానికి కమలాకర కామేశ్వరరావు దర్శకుడు. రామారావుకు అది నూరవ చిత్రం, నాగేశ్వరరావుకు తొంభై తొమ్మిదవ చిత్రం. సావిత్రి, జమున, రంగారావు, రమణారెడ్డి, ఛాయాదేవి వంటి మహానటులెందరో అందులో ఉన్నారు. ఇంతమంది ప్రముఖులు కలిసి నటించిన చిత్రానికి పేరు మాత్రం ఏ నాయకుని మీదనో, ఏ నాయిక మీదనో పెట్టలేదు. సూర్యకాంతం ధరించిన పాత్ర పేరే చిత్రానికి పేరయింది. కథ అంతా ఆ పాత్ర చుట్టూనే తిరుగుతుంది. నాయిక కావాలని కలగని, ఆ భాగ్యానికి నోచుకోని నటికి ఇంతకంటే గొప్ప గౌరవం వేరే ఉండదు.

గుండమ్మ సంపన్నురాలైన వితంతువు. సవతికూతురు లక్ష్మిని ఇంటిలో పనిమనిషిగా మార్చి, తన కూతురు సరోజను గారాబంగా పెంచుతుంది. ఆమె నోటికి ఊరంతా జంకుతుంది. అటువంటి ఇంటిలోకి జమీందారు కుమారుడు నౌకరు వేషంలో ప్రవేశించి, వినయం నటిస్తూ ఆమెను తన మాటల మీద నడిపిస్తాడు. గుండమ్మ గద్దిస్తుంది, బెదిరిస్తుంది. కాని నౌకరు ఒక మంచిమాట చెప్పగానే కరిగిపోతుంది. ఈ రెండు స్థితుల మధ్య సూర్యకాంతం చూపిన మార్పులు ఆ పాత్రకు నిండుదనాన్ని తెచ్చాయి. కథ చివరిభాగంలో ఛాయాదేవి ధరించిన దుర్గ, గుండమ్మ కంటే పెద్ద గయ్యాళిగా ఆ ఇంట అడుగు పెడుతుంది. అంతవరకు అందరినీ శాసించిన గుండమ్మ తన ఇంటిలోనే దిక్కులేనిదవుతుంది. అప్పుడు ఆమెను ఆదుకొనేది తాను హింసించిన లక్ష్మియే. గుండమ్మ ముఖంలోని పశ్చాత్తాపాన్ని చూసినప్పుడు ప్రేక్షకులు అంతకుముందున్న కోపమంతా మరచిపోతారు. ఆమె ఓడిపోవాలని కోరుకొన్నవారే, ఆమె ఓడినప్పుడు జాలిపడతారు. ఒకే పాత్ర పట్ల ఈ రెండు భావాలనూ కలిగించగలగడమే ఆమె ప్రజ్ఞ.

చిత్రీకరణ జరిగే చోట సూర్యకాంతం తీరు తెర మీది తీరుకు పూర్తిగా విరుద్ధంగా ఉండేది. ఇంటిలో వండించిన పిండివంటలను, పులిహోర వంటివాటిని తెచ్చి, సహనటులకూ, పనివారికీ కొసరి కొసరి వడ్డించడం ఆమెకు అలవాటు. ఆమె పెట్టిన భోజనాన్ని ఆనాటి నటీనటులెందరో ఆప్యాయంగా తలచుకొన్నారు. వృత్తిలో ఆమె క్రమశిక్షణ గలవారు. ఒక చిత్రంలో వయోవృద్ధుడు, సాధుస్వభావుడు అయిన చిత్తూరు నాగయ్యను తీవ్రంగా దూషించే సన్నివేశం వచ్చిందట. దానిని పాత్రోచితంగా నటించిన వెంటనే ఆమె కన్నీళ్ళతో ఆయన పాదాలకు నమస్కరించి క్షమాపణ కోరారని చెబుతారు. నటన పూర్తయ్యేవరకు ఆమె తన జాలిని దరిచేరనీయలేదు. పూర్తయిన తరువాత పాత్రలోని కాఠిన్యాన్ని ఒక్క క్షణమైనా తనలో నిలువనీయలేదు.

అయితే ఈ విజయానికి ఆమె మూల్యం కూడా చెల్లించారు. నటిని పాత్రతో కలిపి చూడటం సామాన్య ప్రేక్షకుల స్వభావం. ఆమెను నిజంగానే గయ్యాళి అని నమ్మినవారు ఎందరో ఉన్నారు. క్రమంగా ఆమె పేరు వ్యక్తినామం స్థాయిని దాటి జాతినామమైంది. వీధిలో నోరున్న స్త్రీ కనిపిస్తే సూర్యకాంతం అని పిలవడం తెలుగునాట పరిపాటి అయింది. తల్లిదండ్రులు తమ ఆడపిల్లలకు అంత అందమైన పేరు పెట్టడానికి వెనుకాడారు. ఒక మనిషి పేరు ఈ విధంగా భాషలో కలిసిపోవడం కీర్తియే. కాని ఆ కీర్తిలో ఒక చేదు కూడా ఉంది. దర్శకులు కూడా అధికంగా అవే పాత్రలను ఆమెకు ఇస్తూ వచ్చారు. ఇతర రసాలను పోషించే అవకాశాలు ఆమె శక్తికి తగినన్ని రాలేదు.

మరొక ప్రశ్న కూడా ఇక్కడ ఉదయిస్తుంది. అత్త అంటే గయ్యాళి అని పదేపదే చూపడం స్త్రీల పట్ల న్యాయమేనా? ఇంటిలోని కష్టాలన్నిటికీ స్త్రీయే కారణమన్న భావాన్ని ఆనాటి చిత్రాలు కొంత పెంచిన మాట నిజం. ఆ దోషం కథలు రాసినవారిది, తీసినవారిది. సూర్యకాంతం చేసినది ఆ ఇరుకైన పాత్రలలోనే మనిషిని వెదకడం. ఆమె ధరించిన అత్త ఎందుకు కోపిష్టి అయిందో, దేనికి భయపడుతోందో, ఎవరి ప్రేమ కోసం ఆరాటపడుతోందో ఆమె కళ్ళలో కనిపిస్తుంది. అందువల్లనే ఆమె పాత్రలను తిట్టుకొన్న ప్రేక్షకులు వాటిని ద్వేషించలేకపోయారు.

తరాలు మారాయి. ఆమెతో నటించిన నాయికలు క్రమంగా తెరమరుగయ్యారు. కొత్త నాయికలు వచ్చారు. 1946లో మొదలైన ఆమె ప్రయాణం మాత్రం కొనసాగుతూనే వచ్చింది. నాయికల వెలుగు సాధారణంగా పది, పదిహేను సంవత్సరాలలో తగ్గిపోతుంది. సూర్యకాంతానికి వయసు పెరిగేకొద్దీ పాత్రలకు మరింత సహజత్వం వచ్చింది. యౌవనంలో పోగొట్టుకొన్నామనుకొన్నది ఆమెకు ఈ విధంగా దీర్ఘాయువైన వృత్తిగా తిరిగి లభించింది. తిరుపతిలోని శ్రీ పద్మావతి మహిళా విశ్వవిద్యాలయం ఆమెకు గౌరవ డాక్టరేటును ప్రదానం చేసింది. మహిళల విద్య కోసం ఏర్పడిన సంస్థ, తెర మీది గయ్యాళిని ఈ విధంగా గౌరవించడం ఎంతో అర్థవంతమైనది. 1994లో విడుదలైన ఎస్.పి. పరశురాం ఆమె చివరి చిత్రాలలో ఒకటి. అదే సంవత్సరం డిసెంబరు 18న, డెబ్బై ఏళ్ళ వయసులో, ఆమె కన్నుమూశారు.

ఆమె మరణించిన మరుసటి ఏటి నుండి తెలుగులో ప్రైవేటు టెలివిజన్ ఛానెళ్ళు ఆరంభమయ్యాయి. పాత చిత్రాలు ఇంటింటికీ చేరాయి. ఆమెను వెండితెర మీద ఎన్నడూ చూడని పిల్లలు కూడా గుండమ్మను చూసి నవ్వుకొన్నారు. 2024తో ఆమె జన్మించి నూరేళ్ళు నిండాయి. నాయికగా ఒక్క వెలుగైనా వెలగలేదని ఒకనాడు బాధపడిన నటి, నూరేళ్ళ తరువాత కూడా తెలుగువారి నాలుక మీద నిలిచి ఉన్నారు.

ప్రతి మనిషికీ తాను కోరుకొన్న పాత్రే జీవితంలో లభించదు. లభించిన పాత్రను చిన్నదని తలచక, దానికి తన శక్తినంతా ధారపోసినవారు ఆ పాత్రనే పెద్దది చేస్తారు. సూర్యకాంతం జీవితం మనకు చెప్పేది ఇదే. తెర మీద ఆమె కురిపించిన నిప్పులను లోకమంతా చూసింది. ఆ నిప్పుల వెనుక ఉన్న మణి చల్లదనం, ఆమె చేతి అన్నం తిన్నవారికి తెలుసు.